ముందు అంచనా, తరువాత ఫోను

వానలు తగ్గుముఖం పట్టి, కొండలెక్కడానికి వీలైన కాలం దగ్గరపడుతోంది. విజయనగరంలో నడకల మీద ఆసక్తి ఉన్న ఒక మిత్రబృందం సీతంపేట పైన కొండల్లోకి వెళ్ళడానికి సిద్ధమవుతూ, వెంట తీసుకువెళ్ళవలసిన వస్తువుల జాబితాను ఈ మధ్య నాకు పంపి, ఏమైనా మరిచిపోయామేమో చూడమని అడిగింది. జాబితా శ్రద్ధగానే తయారైంది. మనిషికి ఎన్ని లీటర్ల నీళ్ళు, ఓఆర్ఎస్ పొట్లాలు, టార్చిలైట్లు, జలగలకు ఉప్పు, రెండు పవర్ బ్యాంకులు, ఎవరో ఇంతకు ముందు నడిచి రికార్డు చేసిన దారి ఎక్కించిన ఫోన్లు, అన్నీ ఉన్నాయి. పటం లేదు, దిక్సూచి లేదు. ఎందుకు లేవని అడిగితే, ‘ట్రాక్ ఉంది కదండీ’ అని జవాబు వచ్చింది.

ఆ జవాబు తప్పు అని నేను అనలేను. ట్రాక్ ఉంటే చాలాసార్లు సరిపోతుంది. తెర మీద గీత ఉంటుంది, గీత మీద నీలిచుక్క ఉంటుంది, చుక్క గీత మీద ఉన్నంతసేపు నడవడం, పక్కకు జరిగితే వెనక్కి రావడం. దీనితోనే ఎంతోమంది క్షేమంగా వెళ్ళి వస్తున్నారు. నా అభ్యంతరం ఫోను మీద కాదు, ఫోనుని చూసే వరుస మీద. మనం ఎక్కడున్నామో ముందు మనమే ఒక అంచనాకు వచ్చి, దాన్ని సరిచూసుకోవడానికి ఫోను తీయాలి తప్ప, ఆ ప్రశ్నను మొదటే ఫోనుకు అప్పగించకూడదని నా వాదన. వినడానికి ఇది చిన్న తేడాలాగే ఉంటుంది. ఇంత చిన్న విషయానికి ఇంత పెద్ద వ్యాసం ఎందుకంటారేమో, కానీ కొండల్లో నడిచినకొద్దీ మిగిలినవన్నీ దీని వెనకాలే వస్తాయని నాకు నమ్మకం కుదిరింది.

గీత మీద ఉండటం, చోటు తెలియడం

మా మేనల్లుడు ఇంజనీరింగు చదువుతున్నాడు, చురుకైనవాడు. ఒకసారి ఆడలి వైపు కొండల్లో నాతో వచ్చినప్పుడు దారి చూసే పని వాడికే అప్పగించాను. పొద్దున్నుంచి ఎక్కడా పొరపాటు చేయకుండా పైదాకా తీసుకువెళ్ళాడు. పైన నీడలో కూర్చున్నాక, ఫోను జేబులో పెట్టి మూడు సంగతులు చెప్పమన్నాను. సీతంపేట ఇక్కడినుంచి ఏ దిక్కున ఉంది, మన ఎడమపక్క వాలు మీద పడిన వాన ఏ గెడ్డలోకి, అంటే ఏ కొండవాగులోకి, పోతుంది, ఇటువైపు తిన్నగా దిగితే ఎలాంటి చోటికి చేరతాం. వాడు చుట్టూ చూశాడు, నవ్వాడు. ‘మావయ్యా, చుక్క గీత మీదే ఉంది కదా, ఇంకేటి కావాలి?’ అన్నాడు.

వాడి తెలివికి లోటు లేదు. పొద్దుటినుంచి వాడు చూసింది గీతనే కాబట్టి కొండను చూసే అవసరం వాడికి కలగలేదు. చుక్క గీత మీద ఉన్న ప్రతిసారీ తెలుసుకోవలసింది ఏమీ మిగలలేదు, తెలుసుకోనిది గుర్తుండే అవకాశం లేదు. అదే దారిలో నడుస్తూ, అరగంటకోసారి ఆగి, ‘ఇప్పుడు కుడిచేతి కింద గెడ్డ చప్పుడు వినిపిస్తోంది, ముందున్న మెట్ట తూర్పుకు దిగుతోంది, గంటసేపు ఎక్కాం, కాబట్టి ఇదిగో ఈ మలుపు దగ్గర ఉండాలి’ అని పటం మీద వేలుపెట్టి, ఆ తరువాత ఫోను తీసి చూసేవాడికి మధ్యాహ్నానికల్లా ఆ కొండ మొత్తం తలలో ఒక రూపం కడుతుంది. వేలు పెట్టిన చోటూ చుక్క ఉన్న చోటూ కలిస్తే మంచిదే. కలవకపోతే ఇంకా మంచిది, ఎందుకంటే అంచనా తప్పా, పటం తప్పా, ఫోను తప్పా అని అక్కడే, ఇంకా పెద్దగా పక్కకు పోకముందే, వెదకడం మొదలవుతుంది.

ఫోను ఎందుకు తప్పుతుంది అని అడిగేవాళ్ళుంటారు. జీపీఎస్‌కు మొబైల్ సిగ్నల్ అక్కరలేదన్న సంగతి ఇప్పటికీ చాలామందికి తెలియదు. సుమారు 20,200 కిలోమీటర్ల ఎత్తున తిరిగే ఉపగ్రహాల సంకేతాలు సిగ్నల్ లేని లోయలోకి కూడా వస్తాయి, రానిది తెర మీద కనిపించే పటం. దాన్ని ముందే దించుకోకపోతే ఖాళీ తెర మీద చుక్క మాత్రమే మిగులుతుంది. ఇక లోతైన లోయలో కొండగోడకు తగిలి మళ్ళిన సంకేతాలవల్లా, తడిసిన దట్టమైన ఆకుల కిందా ఆ చుక్క పదుల మీటర్లు పక్కకు జరగవచ్చు. మైదానంలో అది లెక్కలోకి రాదు. రెండు గెడ్డలు కలిసే చోట, ఏ గెడ్డకు ఏ ఒడ్డున ఉన్నామన్నదే ప్రశ్న అయినప్పుడు, ఆ కాస్త తేడాయే అసలు విషయం. అయస్కాంతం ఉన్న మూత తొడిగిన ఫోనులో దిక్కు చూపే ముల్లు ఎటు తిరుగుతుందో చెప్పలేం.

దారులు మారతాయి, కొండ మారదు

రికార్డు చేసిన గీత మీద నాకున్న పెద్ద అనుమానం ఇది కాదు. ఆ గీత ఒక మనిషి ఒకానొక రోజున నడిచిన దారి. మన కొండల్లో కాలిబాటలు ఉన్నచోట ఉండవు. పోడు చేసే చోటు మారితే దానికి వెళ్ళే బాట మారుతుంది, పాత బాట రెండు వానాకాలాలకు పొదల్లో కలిసిపోతుంది. కొత్తగా జీడిమామిడి వేసి కంప నాటితే దారి చుట్టుతిరిగి పోతుంది. రోడ్డు కోసం యంత్రంతో కొండను చెక్కితే, నిన్నటిదాకా మెల్లగా దిగిన బాట ఇవాళ నిలువు గట్టు అంచున ఆగిపోతుంది. 2018 అక్టోబరు 11 తెల్లవారుజామున తిత్లీ తుఫాను పలాస దగ్గర తీరం దాటినప్పుడు శ్రీకాకుళం జిల్లా ఉద్దానంలో కొబ్బరి, జీడితోటలు ఎలా నేలకూలాయో జిల్లావాళ్ళకు చెప్పనక్కరలేదు. పడిన చెట్ల చుట్టూ మనుషులు, పశువులు వేసుకున్న కొత్త బాటలు పాత గీతలతో ఎక్కడా కలవలేదు.

ఏనుగుల సంగతి ఇంకొకటి. 2007 తరువాత ఒడిశా వైపునుంచి వచ్చిన గుంపులు నాగావళి లోయలో కొమరాడ, గరుగుబిల్లి, జియ్యమ్మవలస మండలాల్లో తిరుగుతూనే ఉన్నాయి. గుంపు ఎక్కడుందో అటవీశాఖ వాళ్ళు, ఊళ్ళవాళ్ళు చెప్పగానే, ఎంత మంచి గీత అయినా దాన్ని వదిలి చుట్టుతిరిగి పోవలసిందే. గీతను అనుసరించడం మాత్రమే తెలిసినవాడికి, గీతను వదలమన్న క్షణంలో చేతిలో ఏమీ మిగలదు. పక్క లోయలోకి దాటడానికి మెట్టలో తగ్గు ఎక్కడుందో, అటు దిగితే నీళ్ళు ఎక్కడ దొరుకుతాయో తెలిసినవాడు మాత్రం మరో దారి వేసుకోగలడు.

ఇవన్నీ మారినా కొండ ఆకారం మారదు. ఆ ఆకారాన్ని చూపేది కాంటూరు గీతలు, అంటే ఒకే ఎత్తున ఉన్న చోట్లన్నిటినీ కలుపుతూ గీసిన గీతలు. సర్వే ఆఫ్ ఇండియా 1:50,000 పటంలో రెండు సెంటీమీటర్లు ఒక కిలోమీటరు, గీతకూ గీతకూ మధ్య సాధారణంగా 20 మీటర్ల ఎత్తు తేడా. గీతలు దగ్గరపడితే నిట్టనిలువు, ఎడమైతే చదును. గీతల వంపు మొన ఎత్తువైపు చూస్తే లోయ, పల్లంవైపు చూస్తే వెన్ను. ఈ నాలుగు మాటలు నేర్చుకోవడానికి ఒక సాయంత్రం చాలు, వాటిని ఎదురుగా ఉన్న కొండతో కలిపి చదవడానికి మాత్రం కొన్ని శీతాకాలాలు పడుతుంది. పార్వతీపురం, పాలకొండ ప్రాంతాలు 65 ఎన్ షీట్లలోకి వస్తాయి. 84వ రేఖాంశం దాటి మహేంద్రగిరి వైపు వెళితే 74 బి మొదలవుతుంది. ఒకప్పుడు ఈ పటాలు సంపాదించడం గగనంగా ఉండేది. 2005 జాతీయ పటాల విధానం తరువాత ప్రజలకోసం వేరే వరుస వచ్చింది, 2017లో వాటిని ఉచితంగా దించుకునే వీలు కల్పించారు, 2021 ఫిబ్రవరిలో ఆంక్షలు ఇంకా సడలించారు. కాబట్టి దొరకలేదన్న సాకు ఇప్పుడు చెల్లదు.

పటం కూడా తప్పులేనిదేమీ కాదు. పాత షీట్లలోని అడవులు, గూడేలు, బాటలు ఎప్పటివో. భూమి ఆకారాన్ని లెక్కగట్టే నమూనాల్లో పాత షీట్లను ‘ఎవరెస్టు’ అనేదాని ఆధారంగానూ కొత్త వరుసను జీపీఎస్ వాడే ‘డబ్ల్యూజీఎస్ 84’ ఆధారంగానూ తయారుచేశారు గనుక, పాత షీటు మీది అక్షాంశ రేఖాంశాలను ఫోనులోని అంకెలతో నేరుగా పోలిస్తే వంద మీటర్లకు మించిన తేడా వస్తుంది. 20 మీటర్లకు ఒక గీత అంటే, పదిహేను మీటర్ల నిలువు బండ ఆ రెండు గీతల మధ్య దాక్కుని పటంలో కనిపించకుండా పోవచ్చు. ఊళ్ళ పేర్లు మరో చిక్కు. కొత్తవలస అని ఫోనులో వెదికితే రైల్వే జంక్షన్ దగ్గరకు తీసుకుపోతుంది, కొండకింద మనకు కావలసిన కొత్తవలస వేరే ఎక్కడో ఉంటుంది. ఆంధ్ర, ఒడిశా రెండూ తమవేనంటున్న, సాలూరు పైని కొఠియా గ్రామాల్లో అయితే రెండు రాష్ట్రాల బోర్డులు రెండు లిపుల్లో కనిపిస్తాయి, పటంలో సరిహద్దు గీత ఎక్కడుందో కాలికింద నేల చెప్పదు. నేను పటాన్ని నమ్మమనడం లేదు. దాని ఆకారపు గీతలను నమ్మి, పేర్లనూ బాటలనూ అనుమానించమంటున్నాను.

‘బరువుతోనా, ఉత్తినేనా?’

పటాన్నీ ఫోనునీ పక్కన పెట్టి, ఊళ్ళోవాళ్ళను అడిగితే పోదా అన్నది సహజమైన ప్రశ్న. అడగాలి, తప్పకుండా అడగాలి. అయితే అడగడం కూడా నేర్చుకోవలసిన పనే. ‘ఇది ఫలానా గూడకు పోయే దారేనా?’ అని అడిగితే, మర్యాదకొద్దీ వచ్చే జవాబు ‘ఆఁ’. ‘ఈ దారి ఎటు పోతుంది?’ అని అడిగితే సమాచారం వస్తుంది.

సీతంపేట సంత నుంచి తిరిగివెళుతున్న ఒక సవర పెద్దాయనను, మెట్ట అవతలి గూడకు ఎంతసేపు పడుతుందని నేను అడిగినప్పుడు ఆయన వెంటనే చెప్పలేదు. నా సంచి వంక చూసి, ‘బరువుతో ఎల్తారా, ఉత్తినే ఎల్తారా బాబూ?’ అన్నాడు. ఉత్తినే అయితే పొద్దు నెత్తిమీదకొచ్చేసరికి చేరిపోతామని, బరువుంటే మధ్యాహ్నం తిండివేళ దాటుతుందని, దారిలో నీళ్ళు ఒక్క చోటే ఉన్నాయి గనుక అక్కడ ఆగక తప్పదని చెప్పాడు. కిలోమీటర్ల మాట ఎత్తలేదు. కొండల్లో దూరాన్ని కిలోమీటర్లలో మాత్రమే అడగడం పెద్ద ప్రయోజనం లేని పని. 1892లోనే నైస్మిత్ అనే స్కాట్లండు పర్వతారోహకుడు నడక కాలాన్ని లెక్కగట్టడానికి ఒక సూత్రం చెప్పాడు. గంటకు సుమారు ఐదు కిలోమీటర్ల నడక లెక్కగట్టి, ప్రతి ఆరువందల మీటర్ల ఎక్కుడుకూ మరో గంట కలుపుకోమన్నాడు. ఆ లెక్కన మందస మైదానంనుంచి 1501 మీటర్ల మహేంద్రగిరి శిఖరానికి ఎత్తు ఒక్కదానికే రెండు గంటలకు పైగా పడుతుంది, నడిచే దూరం, ఎండ, మూపున బరువు దానికి అదనం. ఆ సూత్రంలో లేని బరువును పెద్దాయన మొదటి ప్రశ్నగా అడిగాడు. డోలీలో మనిషిని మోసుకుంటూ రోడ్డుదాకా దిగే ఊళ్ళలో బరువు లేని కాలం అన్న లెక్కే ఉండదు కాబోలు.

ఆయన చెప్పినవాటిలో నాకు అన్నిటికన్నా విలువైనదిగా తోచింది వేరే ఉంది. ఆ గూడ దాటి ఇంకో లోయలోకి వెళ్ళాలనుకుంటున్నామని చెబితే, ‘అటు మేం ఎల్లం బాబూ. ఆ గెడ్డ కాడి దాకే మాకు తెలుసు. ఆ పైన దారి అవతలూరోలినే అడగాల’ అన్నాడు. తన ఎరుక ఎక్కడ ఆగిపోతుందో ఇంత కచ్చితంగా చెప్పే సాధనం మన చేతుల్లో మరొకటి లేదు. ఫోనులో కూడా ఆ ఏర్పాటు ఉందని మా మేనల్లుడు గుర్తుచేశాడు. నీలిచుక్క చుట్టూ లేతనీలి వలయం ఒకటి ఉంటుంది, అది ఎంత పెద్దదైతే చుక్క స్థానం అంత అనుమానం. వాడు చెప్పింది నిజమే. కానీ ఆ వలయాన్ని చూసి నడక ఆపినవాళ్ళను నేను ఇంతవరకూ చూడలేదు, చుక్క మాత్రమే మన కంటికి ఆనుతుంది.

అంచనా అంటే తోచినది కాదు

అంచనా అన్న మాట విని, మనసుకు తోచినట్టు నడవమంటున్నానని ఎవరైనా అనుకుంటే అది ప్రమాదం. దిక్కు విషయంలో మనసుకు తోచేది దాదాపు ఎప్పుడూ నమ్మదగ్గది కాదు. జర్మనీ అడవిలోనూ సహారా ఎడారిలోనూ మనుషులను తిన్నగా నడవమని చెప్పి, వారి దారిని జీపీఎస్‌తో నమోదు చేసిన పరిశోధన ఒకటి 2009లో వెలువడింది. సూర్యుడు కనిపించినంతసేపు దాదాపు తిన్నగా నడిచినవారే, మబ్బు కమ్మగానే తమకు తెలియకుండా చుట్టుతిరిగి తాము నడిచిన దారినే మళ్ళీ దాటారు. తాము తిన్నగా పోతున్నామనే వాళ్ళు నమ్మారు. కార్తీకంలో పొద్దున్నే మన లోయల్లో దిగే మంచులోనూ, పొదలెత్తిన సాలవనంలోనూ జరిగేది కూడా ఇదే.

కాబట్టి అంచనాకు ఆధారాలు కావాలి. దిక్సూచి ఒకటి. మన ప్రాంతంలో దిక్సూచి ఉత్తరానికీ అసలు ఉత్తరానికీ తేడా ఒక డిగ్రీకి లోపే కనుక, చల్లని దేశాల పుస్తకాలు పేజీలకొద్దీ నేర్పే సవరణను మనం దాదాపుగా వదిలేయవచ్చు, ఇది మనకు దక్కిన ఒక సౌకర్యం. ఒక డిగ్రీ తప్పు కిలోమీటరు దూరంలో సుమారు పదిహేడు మీటర్ల పక్కచూపు. చేతిలో పట్టుకున్న దిక్సూచిని అంతకంటే నిక్కచ్చిగా ఎవరూ చదవలేరు. ఈ లోపాన్ని ఒప్పుకుని వాడుకునే ఒక ఉపాయం నాకు చాలా ఇష్టం. గెడ్డ ఒడ్డున ఉన్న గూడకు చేరాలనుకోండి. సూటిగా గూడకే గురిపెట్టి నడిచి, గెడ్డ దగ్గరకు చేరాక గూడ కనిపించకపోతే, కుడికి పోవాలో ఎడమకు పోవాలో తెలియదు. కావాలని కాస్త ఎగువకు గురిపెట్టి నడిస్తే, గెడ్డ తగలగానే దిగువకు తిరగాలని సందేహం లేకుండా తెలుస్తుంది. దీనికి తోడుగా, ఏది ఎదురైతే మనం ఎక్కువ దూరం వచ్చేసినట్టో కూడా ముందే అనుకోవాలి. ‘రెండో గెడ్డ దాటామంటే గూడ వెనకే ఉండిపోయింది’ అన్న ఒక్క మాట బయలుదేరే ముందు పైకి అనుకుంటే, మనిషి మొండిగా ముందుకు పోకుండా అది ఆపుతుంది.

ఇక మనం ఎక్కడో చదివి నమ్మే చిట్కాల మాట. మధ్యాహ్నం నీడ ఉత్తరం చూపిస్తుందంటారు. శ్రీకాకుళం, విజయనగరం ప్రాంతాల్లో మే నెల మధ్యనుంచి జూలై చివరివరకూ మధ్యాహ్నపు సూర్యుడు మనకు ఉత్తరంవైపే ఉంటాడు గనుక ఆ రోజుల్లో నీడ దక్షిణానికి పడుతుంది, ఆ మార్పు జరిగే రోజుల్లో అసలు పక్కకు పడనే పడదు. ధ్రువనక్షత్రం ఎత్తు మన అక్షాంశమంతే, అంటే పద్దెనిమిది, పంతొమ్మిది డిగ్రీలు. లోయలో నిలబడితే ఉత్తరాన ఉన్న మెట్ట దాన్ని పూర్తిగా మింగేస్తుంది. మన కొండలను చూడనివాళ్ళు తమ నేల కోసం రాసుకున్న చిట్కాలివి, వాళ్ళ తప్పేమీ లేదు.

వీటన్నిటిలో ఎక్కువ హాని చేయగలది ‘దారి తప్పితే నీటి వెంట దిగండి, ఊరు వస్తుంది’ అన్నది. మన గెడ్డలు మెట్టుగూడ జలపాతంలా బండలమీద దూకుతూ దిగేవి. నీటి వెంట దిగేవాడు, దిగడానికీ తిరిగి ఎక్కడానికీ వీలుకాని చోట ఇరుక్కోవచ్చు. అంతకన్నా ముఖ్యమైనది, ఏ నీరు ఎటు పోతుందన్నది. పాచిపెంట కొండల్లో పుట్టిన వేగావతి నాగావళిలో కలిసి శ్రీకాకుళం మీదుగా సముద్రంలోకి పోతుంది. అక్కడికి పైనే, పొట్టంగి వైపు సింకారం కొండల్లో పుట్టిన కొలాబు పడమటికి తిరిగి, శబరిగా మారి గోదావరిలో కలుస్తుంది. మంచులో ఆ నీటివాలును, అంటే నీరు రెండు వైపులకూ విడిపోయే వెన్నును, తెలియకుండా దాటి, కనిపించిన మొదటి గెడ్డ వెంట దిగినవాడు సాలూరుకు బదులు కోరాపుట్ జిల్లా లోపలికి నడుస్తాడు, అడుగడుగునా ఊరు దగ్గరపడుతోందన్న ధైర్యంతో. నీటి వెంట దిగమనేముందు, అది ఎవరి నీరో తెలిసి ఉండాలి. ఆ ఎరుక నీలిచుక్కలో లేదు, పటాన్ని ముందు రోజు రాత్రి ఇంట్లో పరుచుకుని నీటివాలు మీద పెన్సిలుతో గీత గీసుకున్నవాడి తలలో ఉంటుంది.

ఎదుటివారి వాదం

ఇదంతా పాతకాలపు మమకారమని అనేవాళ్ళున్నారు. పాతకాలంలో మేము దిక్సూచులు పట్టుకుని తిరగలేదు. ఊరిమనిషిని వెంట పెట్టుకుని తిరిగాం, ఆయన ఆగమంటే ఆగాం. దిక్సూచి, కాంటూరు పటం నాకు కూడా పెద్దయ్యాక అలవాటైనవే, వాటిమీద మమకారం పుట్టడానికి నాకు బాల్య జ్ఞాపకాలేమీ లేవు.

రెండో వాదం బలమైనది. నూటికి తొంభైసార్లు ట్రాక్ సరిపోతుంటే, అరగంటకోసారి ఆగి ఇరవైమందినీ నిలబెట్టి పటం చదివే ఓపిక ఎవరికుంటుంది? ఒప్పుకుంటాను. అంచనా వేసుకుంటూ నడిచే బృందం నెమ్మదిగా నడుస్తుంది, ఆ నెమ్మది వల్ల చీకటిపడకముందు దిగలేకపోతే అదొక కొత్త ప్రమాదం. దానికి నేను చెప్పగలిగింది, నడక పొడవు తగ్గించుకోమనే. ఆడలి వ్యూ పాయింట్‌దాకా రోడ్డు మీద వెళ్ళి ఫొటోలు దిగివచ్చేవారికి ఈ బాధలేవీ అక్కరలేదు, వాళ్ళకోసం నేనిది రాయడంలేదు.

మూడో వాదానికి నా దగ్గర జవాబు లేదు, ఉండాలని కూడా అనుకోవడం లేదు. ఎవరికైనా కాలు విరిగితే, పాము కరిస్తే, ఆ క్షణంలో అంచనా పనికిరాదు, అంకెలు కావాలి. ఫోను చూపే అక్షాంశ రేఖాంశాల్లో దశాంశ బిందువు తరువాత నాలుగో అంకె దాదాపు పదకొండు మీటర్ల మేర. అంత కచ్చితంగా, 112కు ఫోను చేసినప్పుడు గానీ సిగ్నల్ దొరికే వెన్నుదాకా ఒక మనిషిని పంపినప్పుడు గానీ, ఏ వర్ణనా చోటును చెప్పలేదు. అంకెలను డిగ్రీల దశాంశాల్లో చెబుతున్నామో, నిమిషాలు సెకండ్లలో చెబుతున్నామో ముందే తేల్చుకుని, కాగితం మీద రాసి పంపాలి. నోటిమాటగా చేరవేస్తే ఒక్క అంకె తారుమారైనా వెదికేవాళ్ళు పక్క లోయలో ఉంటారు. అందుకే ఫోను వద్దనను, సగం బ్యాటరీని ఈ పనికి దాచిపెట్టి, మిగతా సమయమంతా ఎయిర్‌ప్లేన్ మోడ్‌లో ఉంచమంటాను. ఆ స్థితిలోనూ చాలా ఫోన్లలో జీపీఎస్ పనిచేస్తుంది. సరిచూసుకోవడానికి మాత్రమే తీసే ఫోనులో సాయంత్రానికి కూడా బ్యాటరీ మిగులుతుంది, గీత చూస్తూ నడిచేవాడి ఫోను మధ్యాహ్నానికే పవర్ బ్యాంకు కోసం చెయ్యి చాస్తుంది.

మా మేనల్లుడు ఈ వాదాలన్నీ వదిలేసి, నేను ఊహించని చోట నన్ను పట్టుకున్నాడు. ‘మావయ్యా, అంచనా వేసేది మీరొక్కరే కదా. మిగతావాళ్ళంతా మీ వీపు చూసుకుంటూ వస్తారు. మాకందరికీ మీరే నీలిచుక్క’ అన్నాడు. వాడి మాటలో నిజం ఉంది. దారి తెలిసిన పెద్దవాడు ముందు నడిస్తే వెనకున్నవాళ్ళు కొండను చూడటం మానేస్తారు, అది ఫోను చేసే పనే, మరికాస్త మర్యాదగా. ఆ పెద్దవాడికే ఏదైనా అయితే బృందం చేతిలో మిగిలేది ఏమీ ఉండదు.

అప్పటినుంచి మేము గంటకొకరు చొప్పున ముందు నడుస్తున్నాం. ముందున్నవారు ఆగి చోటు చెప్పాలి, వెనకున్నవారిలో ఒకరు దాన్ని పటం మీద కాదనాలి లేదా ఔననాలి, ఆ తరువాతే ఎవరో ఒకరు ఫోను తీయాలి. ఇది పూర్తిగా పనిచేస్తోందని చెప్పలేను. కొత్తగా వచ్చినవాళ్ళు తప్పు చెబుతామేమోనని నోరు విప్పరు, పెద్దవాళ్ళు చెప్పినదానికి తలూపి ఊరుకుంటారు. కాదనడానికి మొహమాటపడే మనిషి ఉన్నచోట రెండో అంచనా ఉన్నా లేనట్టే. అందుకని ఇప్పుడు చోటును పైకి చెప్పకుండా, ఎవరికి వారు పటం నకలు మీద పెన్సిలుతో చుక్క పెట్టి, ఆ తరువాత అందరూ ఒకేసారి చూపించుకునే పద్ధతి మొదలుపెట్టాం. మొదటిసారి చూసుకున్నప్పుడు ఆ చుక్కల్లో కొన్ని ఒకదానికొకటి కిలోమీటరు దూరంలో ఉన్నాయి.